సంపూరక కోణం లెక్క తప్పిందా? జవాబును చూసి కారణం పట్టుకోండి

ఏడో తరగతి నోటుపుస్తకాలు దిద్దేటప్పుడు నేను ముందుగా చూసేది చివరి వరుస. జవాబు ఏ తీరుగా తప్పిందో చూస్తే, పిల్లలు ఎక్కడ తడబడ్డారో చాలావరకు తెలిసిపోతుంది. ఇక్కడ తెలియని సంఖ్యను ‘క’ అంటున్నాను. మీ పుస్తకంలో ఆ చోట ఎక్స్ ఉంటుంది.

సమస్య: జవాబు రుణసంఖ్య వచ్చింది.
125°కి సంపూరక కోణం అడిగితే −35° వచ్చిందంటే, 90 లోంచి తీసేశారన్నమాట. రెండు కోణాల మొత్తం 90° అయితే అవి పూరక కోణాలు, 180° అయితే సంపూరక కోణాలు. పేరుకు ముందు ‘సం’ చేరితే మొత్తం కూడా పెద్దదని గుర్తుపెట్టుకోండి. సరైన జవాబు 180 − 125 = 55°.

రుణసంఖ్య వస్తే తప్పు వెంటనే బయటపడుతుంది. 40° ఇచ్చినప్పుడే ఇబ్బంది, ఎందుకంటే 50° అని రాస్తే చూడటానికి బాగానే ఉంటుంది. సంపూరక జంటలో ఒకటి అల్పకోణమైతే రెండోది అధిక కోణమే అవుతుంది. లేదా రెండూ లంబకోణాలు. 40°, 50° రెండూ అల్పకోణాలే కాబట్టి అది తప్పు. 140° ఒప్పు.

సమస్య: సమీకరణం సరిగ్గా చేసినా మార్కులు తగ్గాయి.
సంపూరక కోణాలు (2క + 15)°, (3క − 10)° అనుకోండి. 5క + 5 = 180, కాబట్టి క = 35. చాలామంది ఇక్కడే ఆగి, 35 కింద గీత గీసేస్తారు. అడిగింది ‘క’ను కాదు, కోణాలను. 35ను తిరిగి ప్రతిక్షేపిస్తే 85°, 95°.

ఇదే లెక్కలో క = 25 వచ్చిందా? రెండు కోణాలనూ సమానం చేశారు. రెండు సరళరేఖలు ఖండించుకున్న పటం తెరిచిన కత్తెరలా ఉంటుంది. ఎదురెదురుగా ఉన్నవి శీర్షాభిముఖ కోణాలు, అవే సమానం. పక్కపక్కన ఉన్నవి కలిసి 180°.

సమస్య: మొత్తం 180 వచ్చింది, అయినా జవాబు తప్పు.
అన్నిటికన్నా నన్ను ఎక్కువగా బాధించే తప్పు ఇదే, ఎందుకంటే సరిచూసుకున్న పిల్లలు కూడా ఇందులో చిక్కుకుంటారు. ‘ఒక కోణం, దాని సంపూరక కోణానికి రెట్టింపు కంటే 30° తక్కువ. ఆ కోణమెంత?’ కోణాన్ని ‘క’ అనుకుంటే సంపూరక కోణం (180 − క). దాని రెట్టింపు రాసేటప్పుడు బ్రాకెట్ మరిచిపోయి 2 × 180 − క − 30 అని వేస్తే, క = 165 వస్తుంది. సంపూరక కోణం 15°. రెండూ కలిపితే 180, నిజమే. కానీ 15కు రెట్టింపు 30, అందులోంచి 30 తీసేస్తే సున్నా, 165 కాదు. మొత్తంతో పాటు లెక్కలోని షరతునూ సరిచూడాలని నేను పట్టుబట్టేది ఇందుకే.

బ్రాకెట్ బెడద తగ్గాలంటే సంపూరక కోణాన్నే ‘క’ అనుకోండి. అప్పుడు అసలు కోణం 2క − 30. రెండూ కలిపితే 3క − 30 = 180, క = 70. అడిగిన కోణం 110°. 70కి రెట్టింపు 140, అందులోంచి 30 పోతే 110.

నిష్పత్తి 4 : 5 అని ఇస్తే 180ని 4తోనో 5తోనో కాదు, 9తో భాగించాలి. భాగం 20, కోణాలు 80°, 100°.

సమస్య: లెక్కలో 70° వచ్చింది, కోణమానినితో కొలిస్తే 110°.
లెక్కను కొట్టేయకండి. కోణమానినిని దగ్గరగా చూడండి: 70 ఉన్న గీత దగ్గరే 110, 50 దగ్గరే 130. ప్రతి గీత దగ్గరా ఉన్న రెండు సంఖ్యలూ కలిసి 180. మీరు రెండో వరుస చదివారు. కోణం భుజం ఏ వరుసలోని సున్నా మీద ఉందో, అదే వరుసలో రెండో భుజం దాకా చదవండి.