అండమాన్‌లో చుట్టాలింటికి వెళ్తున్నారా? ముందు ఆ నేల సంగతి తెలుసుకోండి

మా సిక్కోలు పల్లెల్లో పోర్ట్‌బ్లెయిర్‌లో (ఇప్పుడు దాని పేరు శ్రీ విజయపురం) అయినవాళ్లున్న ఇళ్లు చాలానే. దసరా దాటగానే ప్రయాణాలు మొదలవుతాయి. తుఫాన్ల కాలమూ అదే. మనల్ని తిత్లీ ముంచింది 2018 అక్టోబరులోనే. వైజాగ్ నుంచి ఓడలో వెళ్లేవాళ్లు తిరుగు ప్రయాణానికి నాలుగు రోజులు అదనంగా ఉంచుకోండి, బీపీ, షుగర్ మాత్రలూ ఆ లెక్కనే పట్టుకెళ్లండి.

ఆ దీవుల కింద మన భూఖండపు పలక బర్మా పలక కిందికి దూరుతోంది. లోతుకు వెళ్లిన రాయిలోంచి నీరు ఊరి, పైనున్న రాతిని కరిగిస్తుంది. ఆ కరిగిందే బారెన్ దీవి అగ్నిపర్వతంగా పైకి లేచింది. నీటిపైన కనిపించే ఎత్తు 350 మీటర్లే, సముద్రపు అడుగు నుంచి చూస్తే రెండు వేలు దాటుతుంది. నూట యాభై ఏళ్లకు పైగా ఊరుకుని, 1991లో మళ్లీ రగిలింది. దాన్ని ఓడలోంచే చూడాలి. ఎవరైనా చిన్న పడవలో దింపుతామంటే ఒప్పుకోకండి. బూడిద గాలి తగిలితే ముక్కుకు తడిగుడ్డ కట్టుకోండి, కళ్లు నులమొద్దు. అది పొయ్యి బూడిద కాదు, గాజుపొడిలా గీసుకుపోతుంది.

బారాతాంగ్ దీవిలో బురద పర్వతాలు వేరు. అక్కడ నిప్పుండదు. బూడిదరంగు బురద రాగిజావలా బుడగ కట్టి, మెల్లగా ఉబ్బి, చప్పున పగులుతుంది. ఆ బుడగలో మండే గ్యాస్ ఉంటుంది కాబట్టి దగ్గర్లో చుట్ట, బీడీ వెలిగించొద్దు. కంచె దాటొద్దు, ఎండినట్టున్న పెచ్చు కింద మెత్తగా ఉంటుంది. దారిలో జరావా అనే ఆదివాసులుంటారు, ఫొటోలు తీయడం, తినడానికి ఇవ్వడం నేరం. పగడం ముక్క కూడా సంచిలో వేసుకోకండి, కేసవుతుంది.

అన్నిటికంటే నాకు టెన్షన్ భూకంపం గురించే. 2004 డిసెంబరు 26 పొద్దున్న, సునామీ తెచ్చిన భూకంపానికి, ఉత్తరాన పగడపు దిబ్బలు నీళ్లలోంచి పైకి లేచాయి, దక్షిణాన ఇందిరా పాయింట్ నాలుగు మీటర్ల దాకా కుంగింది. తీరంలో ఉండగా నేల గట్టిగా ఊగినా, సముద్రం వెనక్కి పోయినా సైరన్ కోసం చూడకండి. గుట్టెక్కండి. మొదటి కెరటం పోయిందని దిగిరావొద్దు, తర్వాతివి ఇంకా పెద్దవి కావచ్చు. ఆ రోజు మా పెదనాన్న పిల్లలిద్దర్నీ చంకనెత్తుకుని ఉత్త కాళ్లతో పరిగెత్తాడు. ఇప్పటికీ ఆ ఇంట్లో పడుకునే ముందు అందరి చెప్పులూ గుమ్మం వైపు తిప్పి పెడతారు. మీరు దిగిన ఇంట్లో మొదటి రాత్రే అడగండి: ‘పెద్దమ్మా, గుట్టకు దారెటు?’