అజ్టెక్ లెక్కలో ఒక రోజుకు దేవుళ్ళెవరో కనుక్కోవడం

ట్లాలోక్ వాన దేవుడు, టెస్కాట్లిపోకా మాంత్రికుల దేవుడు, షోచికెట్సల్ అందానికీ నేతకూ దేవత అని పట్టిక బట్టీ పడితే అజ్టెక్ మతం పెద్దగా అర్థం కాదు. అజ్టెక్‌ల రాజధాని టెనోచ్‌టిట్లాన్‌లో (నేటి మెక్సికో నగరం) మామూలు మనుషుల జీవితంలోకి దేవుళ్ళు రోజుల లెక్క ద్వారా వచ్చేవారు. బిడ్డకు పేరు పెట్టాలన్నా, వర్తకులు మూటలు కట్టుకుని దూరప్రయాణం బయల్దేరాలన్నా, ఆ రోజు ఎవరి చేతిలో ఉందో ముందు చూసుకునేవారు. ఏ రోజూ ఒక్క దేవుడి సొత్తు కాదు. గుర్తుకు ఒకరు, అంకెకు ఒకరు, రాత్రికి ఒకరు, ఆ పదమూడు రోజుల విడతకు ఒకరు, వెరసి నలుగురు. వాళ్ళను కనుక్కోవడానికి కాగితం, కలం చాలు. స్ప్రెడ్‌షీట్ ఉంటే మరీ తేలిక.

ముందు చక్రం తెలియాలి

ఈ లెక్క పేరు టొనాల్‌పొవాల్లి. మొత్తం 260 రోజులు. 1 నుంచి 13 దాకా అంకెలు, 20 గుర్తులు పక్కపక్కనే నడుస్తాయి. మొదటి రోజు 1 మొసలి, రెండోది 2 గాలి, అలా పదమూడో రోజు 13 రెల్లు. ఆ మర్నాడు అంకె మళ్ళీ 1కి వస్తుంది, గుర్తు మాత్రం ముందుకే పోతుంది కాబట్టి అది 1 జాగ్వార్. కొత్తవాళ్ళు ఇక్కడే తడబడతారు. గుర్తును నెల పేరులా, అంకెను అందులో తేదీలా అనుకుని 1 మొసలి, 2 మొసలి, 3 మొసలి అని రాసుకుంటూ పోతారు. అలా ఉండదు, ప్రతి తెల్లవారికీ రెండూ మారతాయి.

గుర్తులు, వాటి అధిపతులు వరసగా ఇవి:

1. మొసలి – టొనాకాటెకుట్లి
2. గాలి – కెట్సల్‌కోఆట్ల్
3. ఇల్లు – టెపెయొల్లొట్ల్
4. బల్లి – వెవెకొయొట్ల్
5. పాము – చాల్చిఉట్లిక్వే
6. మరణం – టెక్సిస్టెకాట్ల్
7. జింక – ట్లాలోక్
8. కుందేలు – మాయావెల్
9. నీరు – షియుటెకుట్లి
10. కుక్క – మిక్ట్లాన్‌టెకుట్లి
11. కోతి – షోచిపిల్లి
12. గడ్డి – పాటెకాట్ల్
13. రెల్లు – టెస్కాట్లిపోకా
14. జాగ్వార్ – ట్లాసోల్టెయోట్ల్
15. గద్ద – షీపె టోటెక్
16. రాబందు – ఇట్స్‌పాపాలొట్ల్
17. కదలిక – షోలొట్ల్
18. చెకుముకిరాయి – చాల్చిఉటొటొలిన్
19. వాన – టొనాటియు
20. పువ్వు – షోచికెట్సల్

నీటి గుర్తుకు అధిపతి అగ్నిదేవుడు షియుటెకుట్లి, జింకకు వానదేవుడు. ఇది అచ్చుతప్పు అనుకుని సరిదిద్దకండి. గుర్తు బొమ్మను బట్టి దేవుణ్ణి ఊహిస్తే సగానికి సగం తప్పుతాం. టెనోచ్‌టిట్లాన్ ప్రధానాలయంలో ట్లాలోక్ పక్కనే గుడి ఉన్న విట్సిలోపోచ్ట్లి ఈ ఇరవై మందిలో లేనే లేడు. అతను టెనోచ్‌టిట్లాన్ కట్టిన మెషీకా తెగ వెంట వచ్చిన దేవుడు, ఈ చక్రం ఆ తెగ రాజ్యం కన్నా చాలా పాతది.

తేదీ నుంచి రోజుకు

మనకు ఒక ఆధారం కావాలి. చివరి అజ్టెక్ రాజు క్వావుటెమోక్ స్పెయిన్ సేనలకు పట్టుబడి టెనోచ్‌టిట్లాన్ కూలిన 1521 ఆగస్టు 13ను 1 పాముగా తీసుకుని, అల్ఫోన్సో కాసో అనే మెక్సికన్ పండితుడు ఈ చక్రాన్ని మన తేదీలతో ముడిపెట్టారు. గ్వాటెమాలా కొండప్రాంతాల్లో మాయా జనం ఇప్పటికీ ఆపకుండా నడుపుతున్న 260 రోజుల లెక్క కూడా దీనితో సరిపోతుంది. ఈ లెక్కన 2000 జనవరి 1 అంటే 11 గాలి, చక్రంలో 102వ రోజు. మీ పనికి ఈ తేదీ చాలు.

మీ తేదీకీ 2000 జనవరి 1కీ మధ్య ఎన్ని రోజులో లెక్కపెట్టండి. ఆ సంఖ్యను 260తో భాగించి శేషం తీసుకోండి. మీ తేదీ తర్వాతదైతే శేషాన్ని 102కు కలపండి, ముందుదైతే 102లోంచి తీసేయండి. ఫలితం 260 దాటితే 260 తీసేయండి, సున్నా గానీ రుణసంఖ్య గానీ వస్తే 260 కలపండి. వచ్చినది చక్రంలో రోజు సంఖ్య. దాన్ని 13తో భాగిస్తే శేషం అంకె (సున్నా వస్తే 13), 20తో భాగిస్తే శేషం గుర్తు (సున్నా వస్తే 20), 9తో భాగిస్తే శేషం రాత్రి అధిపతి వరస (సున్నా వస్తే 9).

ఒక తేదీతో చేసి చూద్దాం. మెక్సికో నగరంలో విద్యుత్ కార్మికులు తవ్వుతుండగా కొయొల్‌షావుకి శిల బయటపడింది 1978 ఫిబ్రవరి 21న. సుమారు మూడుంపావు మీటర్ల వ్యాసమున్న ఆ రాతి మీద, తమ్ముడు విట్సిలోపోచ్ట్లి చేతిలో ముక్కలైన దేవత చెక్కి ఉంది. 1978 జనవరి 1 నుంచి 2000 జనవరి 1కి 22 ఏళ్ళు, అంటే 8030 రోజులు. మధ్యలో ఐదు లీపు రోజులున్నాయి కాబట్టి 8035. ఫిబ్రవరి 21 దాకా గడిచిన 51 రోజులు తీసేస్తే 7984. 260 ముప్ఫైసార్లు పోగా శేషం 184. తేదీ వెనకటిది కనుక 102లోంచి 184 తీస్తే రుణసంఖ్య 82. దానికి 260 కలిపితే 178. పదమూడుతో భాగిస్తే శేషం 9, ఇరవైతో 18, తొమ్మిదితో 7. ఆ రోజు 9 చెకుముకిరాయి.

మీ లెక్క సరిగ్గా ఉందో లేదో 2012 డిసెంబరు 21తో సరిచూసుకోండి. 4 పువ్వు రావాలి. మాయా కాలెండర్ ముగుస్తుందని గోల చేసిన ఆ తేదీకి మాయా లెక్కలో వచ్చేదీ నాలుగో అంకె, ఇరవయ్యో గుర్తే.

తప్పులు ఎక్కువగా మూడు చోట్ల వస్తాయి. మొదటిది ఫిబ్రవరి 29. దాన్ని లెక్కలోంచి వదిలేసే కాలెండర్లు ఇంటర్నెట్‌లో చాలా ఉన్నాయి. వాటి ఫలితం నాలుగేళ్ళకో రోజు జారుతూ పోతుంది. రెండోది పాత తేదీలు. 1521 ఆగస్టు 13 జూలియన్ తేదీ, అంటే అప్పటి యూరప్ పాత కాలెండర్‌ది. నేటి గ్రెగోరియన్ పద్ధతినే వెనక్కి లాగే స్ప్రెడ్‌షీట్లలో దాన్ని ఆగస్టు 23గా ఇవ్వాలి, లేదంటే పది రోజులు తేడా వస్తుంది. మూడోది శేషం. కొన్ని కాలిక్యులేటర్లు వెనకటి తేదీలకు రుణశేషం చూపిస్తాయి. దానికి 260 కలపడం మరిచిపోతే మిగతాదంతా తప్పే.

మిగతా ముగ్గురు

అంకెల అధిపతులు: 1 షియుటెకుట్లి, 2 ట్లాల్టెకుట్లి, 3 చాల్చిఉట్లిక్వే, 4 టొనాటియు, 5 ట్లాసోల్టెయోట్ల్, 6 మిక్ట్లాన్‌టెకుట్లి, 7 సెంటెయోట్ల్, 8 ట్లాలోక్, 9 కెట్సల్‌కోఆట్ల్, 10 టెస్కాట్లిపోకా, 11 చాల్మెకాటెకుట్లి, 12 ట్లావిస్కాల్పాన్‌టెకుట్లి, 13 సిట్లాలిక్వే.

రాత్రి అధిపతులు తొమ్మిది మంది: షియుటెకుట్లి, ఇట్స్‌ట్లి, పిల్ట్సింటెకుట్లి, సెంటెయోట్ల్, మిక్ట్లాన్‌టెకుట్లి, చాల్చిఉట్లిక్వే, ట్లాసోల్టెయోట్ల్, టెపెయొల్లొట్ల్, ట్లాలోక్. 260ని 9 నిశ్శేషంగా భాగించదు. అయినా ప్రతి 1 మొసలి నాడూ వరస షియుటెకుట్లితోనే మొదలవుతుంది, కాబట్టి పాత చక్రం నుంచి వరసను కొనసాగించకండి.

చివరిది విడత. స్పానిష్ పేరుతో త్రెసేనా అంటారు. 1 అంకెతో మొదలయ్యే పదమూడు రోజులు ఒక త్రెసేనా, చక్రంలో ఇరవై ఉంటాయి. మీ రోజు అంకెలోంచి ఒకటి తీసేసి అన్ని గుర్తులు వెనక్కి వెళ్తే అది ఏ రోజుతో మొదలైందో తెలుస్తుంది. మన ఉదాహరణలో చెకుముకిరాయి నుంచి ఎనిమిది వెనక్కి, అంటే 1 కుక్క. పద్నాలుగో త్రెసేనా, అధిపతి షీపె టోటెక్. తరచుగా కనిపించే మరికొన్ని: 1 మొసలికి టొనాకాటెకుట్లి, 1 జాగ్వార్‌కు కెట్సల్‌కోఆట్ల్, 1 రెల్లుకు చాల్చిఉట్లిక్వే, 1 వానకు ట్లాలోక్, 1 గడ్డికి మాయావెల్, 1 కదలికకు ట్లాసోల్టెయోట్ల్, 1 ఇల్లుకు ఇట్స్‌పాపాలొట్ల్, 1 గద్దకు షోచికెట్సల్.

కాబట్టి 9 చెకుముకిరాయికి గుర్తు వైపు చాల్చిఉటొటొలిన్ (టెస్కాట్లిపోకా ధరించే టర్కీకోడి రూపం), అంకె వైపు కెట్సల్‌కోఆట్ల్, రాత్రికి ట్లాసోల్టెయోట్ల్, విడతకు షీపె టోటెక్.

బొమ్మల పుస్తకంలో చూడటం

ఇంత లెక్కా టొనాలామాట్ల్ అనే మడతల పుస్తకంలో గీసి ఉండేది. పారిస్‌లో ఫ్రెంచ్ పార్లమెంటు గ్రంథాలయంలో ఉన్న కోడెక్స్ బోర్బోనికస్ అలాంటిదే. త్రెసేనాకు ఒక పుట. మొదటి రెండు పుటలు పోయాయి కాబట్టి ఇప్పుడు కనిపించే మొదటి పుట మూడో త్రెసేనా, అంటే 1 జింక. ఇది తెలియక పుటలు లెక్కపెడితే ప్రతి దేవుడూ రెండు స్థానాలు తప్పుతాడు.

ప్రతి పుటలో ఎడమ పై భాగాన పెద్ద చతురస్రం, అందులో విడత అధిపతి. దాని కింద, కుడి పక్కన మొత్తం 26 చిన్న గళ్ళు. పదమూడింటిలో రోజు గుర్తు, రాత్రి అధిపతి. మిగతా పదమూడింటిలో అంకె అధిపతి, అతని పక్షి. 1 కుక్క పుట పెద్ద గడిలో షీపె టోటెక్ ఒలిచిన మనిషి చర్మం తొడుక్కుని నిలబడతాడు. అతని మణికట్ల దగ్గర చూడండి, ఆ చర్మం తాలూకు ఖాళీ చేతులు వేలాడుతుంటాయి. ఎదురుగా మనిషిని మింగుతున్న ఈకల పాము.

దేవుణ్ణి పోల్చుకోవడానికి ముఖకవళికలు పనికిరావు, వేషం చూడాలి. కళ్ళ చుట్టూ కళ్ళద్దాల్లాంటి వలయాలు, పై పెదవి కింద కోరలు ఉంటే ట్లాలోక్. ముఖం మీద అడ్డంగా నలుపు, పసుపు చారలు, పాదం ఉండాల్సిన చోట పొగలు కక్కే అద్దం ఉంటే టెస్కాట్లిపోకా. బాతు ముక్కులాంటి ముసుగు, ఛాతీ మీద అడ్డంగా కోసిన శంఖం ఉంటే గాలి రూపంలోని కెట్సల్‌కోఆట్ల్. తలపట్టీలో వడకని దూది, కదుళ్ళు ఉంటే ట్లాసోల్టెయోట్ల్. ఒకరి ఆభరణాలు మరొకరు ధరించడం మామూలే కాబట్టి ఒక్క గుర్తు చూసి తేల్చేయకండి, కనీసం రెండు కలవాలి.

తీర్పు చెప్పడం

లెక్క అందరూ కట్టగలరు. దాన్ని తూచి చెప్పడానికి టొనాల్‌పౌకి అనే పండితుడుండేవాడు. ఫ్రాన్సిస్కన్ సన్యాసి బెర్నార్డినో దె సహగున్ 16వ శతాబ్దంలో నావాట్ల్ (అజ్టెక్‌ల భాష) మాట్లాడే పెద్దల చేత చెప్పించుకుని రాయించిన గ్రంథంలో ఆ పని అడుగడుగునా ఉంది. బిడ్డ పుట్టగానే మంత్రసాని నీటిదేవత చాల్చిఉట్లిక్వేను పిలుస్తూ ఒకసారి స్నానం చేయిస్తుంది. తర్వాత పండితుణ్ణి పిలిస్తే అతని మొదటి ప్రశ్న: పుట్టింది అర్ధరాత్రికి ముందా, తర్వాతా? ముందైతే గడిచిన రోజు, తర్వాతైతే వచ్చే రోజు, సరిగ్గా అర్ధరాత్రయితే రెండు రోజుల ఫలమూ. మీరు జన్మదినం లెక్కిస్తుంటే ఇదే పాటించండి.

తర్వాత పుస్తకం విప్పుతాడు. అంకెల్లో 7 మంచిది, త్రెసేనా చివరి నాలుగూ (10 నుంచి 13) సాధారణంగా మంచివే, 9 చెడ్డది. కొన్ని రోజులకు సొంత పేరు ప్రతిష్ఠలున్నాయి. 2 కుందేలు నాడు పుట్టినవాడు తాగుబోతు అవుతాడు, ఎందుకంటే అది పుల్కే మద్యం దేవతల రోజు. 1 పాము వర్తకులు ప్రయాణం కట్టే రోజు. 1 మరణం టెస్కాట్లిపోకాది, ఆ రోజు బానిసలను తిట్టరు, కొట్టరు. 1 జింక, 1 వాన, 1 కోతి, 1 ఇల్లు, 1 గద్ద రోజుల్లో కాన్పులో చనిపోయి దేవతలైన స్త్రీలు కిందికి దిగుతారని పిల్లల్ని గడప దాటనిచ్చేవారు కాదు.

రోజు చెడ్డదైతే పండితుడు చేతులెత్తేయడు. నామకరణ స్నానాన్ని అదే త్రెసేనాలోని మంచి రోజుకు జరుపుతాడు. 1 వాన మాంత్రికుల రోజు. ఆనాటి బిడ్డకు 3 మొసలి దాకా ఆగి స్నానం చేయించేవారు. విడత దాటి జరపకూడదు, అధిపతి మారిపోతాడు. స్నానం తెల్లవారుతుండగా జరుగుతుంది. మగబిడ్డ అయితే పక్కన చిన్న డాలు, విల్లు, బాణాలు, ఆడబిడ్డ అయితే కదురు, చీపురు పెడతారు. పండితుడికి భోజనం పెట్టి, టర్కీకోళ్ళు ఇచ్చి పంపుతారు.

ఒకే రోజు నలుగురిలో ఇద్దరు మంచి, ఇద్దరు చెడు అంటే ఏది పైచేయి? సాధారణంగా విడత మొత్తానికి నేపథ్యం, గుర్తూ అంకే తుది మాట. 1 మొసలి విడతంతా శుభమే, అయినా సోమరితనంతో ఆ అదృష్టాన్ని పోగొట్టుకోవచ్చని సహగున్ గ్రంథం చెబుతుంది. ఉపవాసం, రక్తతర్పణం లాంటి వ్రతాలతో చెడ్డ రోజును కొంత తగ్గించుకోవచ్చు. ఈ పట్టువిడుపులు వదిలేసి రోజును తిరుగులేని జాతకంగా చదివితే అది అజ్టెక్ పద్ధతి అవ్వదు.

మంత్రాల్లో తేదీలు

రోజు పేరే దేవుడి రహస్యనామం కూడా. 1629 నాటికి ఎర్నాండో రూయిస్ దె అలార్కోన్ అనే మతగురువు గ్రామాల్లో సేకరించిన మంత్రాల్లో నిప్పును 4 రెల్లు అని, కట్టెను 1 నీరు అని, జింకను 7 పువ్వు అని, మొక్కజొన్నను 7 పాము అని పిలుస్తారు. మంత్రంలో అంకె కనిపిస్తే తేదీ అని చదవకండి, అక్కడ ఎవరినో పిలుస్తున్నారు. నీరసపడిన బిడ్డకు టొనాల్లి (ఒంటి వేడి, రోజు ఇచ్చిన బలం) పోయిందో లేదో చూడటానికి నీటి గిన్నె మీదుగా బిడ్డను పట్టుకునేవారు. నీటిలో ముఖం మసకగా కనిపిస్తే పోయినట్టు, తేటగా కనిపిస్తే జబ్బు చిన్నదే.

విట్సిలోపోచ్ట్లికి జరిగే పాన్‌కెట్సలిస్ట్లి, టెస్కాట్లిపోకాకు జరిగే తోష్కాట్ల్ లాంటి పెద్ద ఉత్సవాల కోసం ఈ చక్రంలో వెతకొద్దు. అవి 365 రోజుల లెక్కలోవి: ఇరవైరోజుల నెలలు పద్దెనిమిది, చివర ఏ పనీ మొదలుపెట్టని ఐదు అశుభదినాలు. రెండు చక్రాలూ ఒకే చోట కలవడానికి 18,980 రోజులు, అంటే 52 ఏళ్ళు పడుతుంది. అలా కలిసిన 1507లో, ఆఖరిసారిగా, విషాచ్ట్లాన్ కొండ మీద కొత్త నిప్పు రాజేశారు.