కరెంటు బిల్లును బొగ్గు కిలోల్లో చదవడం ఎలా?

మా నాన్న గోదావరిఖనిలో బొగ్గు బాయి (గని) పని చేశాడు. తట్టా చెమ్మసుతో (పారతో) బొగ్గు టబ్బులు నింపిన మనిషి. నేను లెక్కల టీచర్‌నయ్యాను. యూనిట్ అనగానే నాకు ముందు బరువే గుర్తొస్తుంది. ఈ లెక్క మా క్లాసులో పిల్లల చేత వాళ్ల ఇంటి బిల్లులు తెప్పించి మరీ చేయించేదాన్ని.

బిల్లులో యూనిట్లు ఎన్నో చూసి 0.7తో గుణించండి. మన థర్మల్ కేంద్రాల్లో ఒక యూనిట్‌కు సుమారు 700 గ్రాముల బొగ్గు కాలుతుంది. 200 యూనిట్లకు 140 కిలోలు. లైన్లలో, ట్రాన్స్‌ఫార్మర్లలో పోయే కరెంటుకు ఇంకో 20 కిలోలు కలపండి. మన బొగ్గులో దాదాపు మూడో వంతు బూడిదే. అంటే నెల తిరిగేసరికి మీ ఇంటి పేరు మీద ఒక సిమెంటు బస్తా అంత బూడిద మిగులుతుంది. గ్రిడ్‌లో శ్రీశైలం నీళ్ల కరెంటు, సోలార్ కూడా కలుస్తాయి కాబట్టి అసలు లెక్క ఇంతకంటే కొంత తక్కువే ఉంటుంది.

ఇప్పుడు ఆ కిలోలు ఎక్కడ పోతున్నాయో వెతకండి. 2 కిలోవాట్ల గీజర్ అరగంట వేస్తే ఒక యూనిట్. పాత సీలింగ్ ఫ్యాన్ 75 వాట్లు తింటుంది, తక్కువ కరెంటుతో తిరిగే కొత్త రకం మోటారున్న బీఎల్‌డీసీ ఫ్యాన్‌కు 30 వాట్లు చాలు. రోజుకు 15 గంటలు తిరిగితే నెలకు 20 యూనిట్లు, అంటే 14 కిలోల బొగ్గు మిగులుతుంది. అదీ ఒక్క ఫ్యాన్‌కే! నన్నడిగితే సోలార్ కంటే ముందు ఫ్యాన్లు మార్చండి.

తర్వాత సోలార్ ప్యానెళ్ల కోసం మిద్దె చూడండి. ఒక కిలోవాట్‌కు సుమారు వంద చదరపు అడుగుల ఎండ పడే జాగా కావాలి. వాటర్ ట్యాంకు నీడ ప్యానెల్ మీద పడకూడదు. ఉదయం తొమ్మిదికి, మధ్యాహ్నం మూడుకు పైకెళ్లి ఆ నీడ ఎంతదాకా వస్తుందో సుద్దముక్కతో గీత గీయండి. చలికాలంలో నీడ ఇంకా సాగుతుంది, ఉత్తరం వైపు మరికొంత వదలండి. కిలోవాట్‌కు రోజుకు సగటున నాలుగు యూనిట్లు వస్తాయి. 2024లో మొదలైన పీఎం సూర్యఘర్ పథకంలో 2 కిలోవాట్లకు 60 వేలు, 3 లేదా అంతకు మించితే 78 వేల రూపాయల సబ్సిడీ ఉంది.

1871లో భూగర్భ శాస్త్రవేత్త విలియం కింగ్ ఇల్లందు దగ్గర బొగ్గు కనిపెట్టాడు. నూరేళ్లకు, 1971లో, రామగుండంలో 62.5 మెగావాట్ల బొగ్గు కరెంటు కేంద్రం, బి స్టేషన్, మొదలైంది. 2024లో అది మూతపడింది. అదే రామగుండంలో కేంద్ర ప్రభుత్వ కరెంటు సంస్థ ఎన్టీపీసీ రిజర్వాయర్ నీళ్ల మీద 100 మెగావాట్ల సోలార్ ప్యానెళ్లు 2022 నుంచి తేలుతున్నాయి. బాయి మీద బతికిన ఊళ్లకు కొత్త పని చూపించకుండా ఈ మార్పు పూర్తయిందని నేను ఒప్పుకోను.

పొద్దుగూకితే మాత్రం గ్రిడ్ ఇప్పటికీ ఎక్కువగా బొగ్గు మీదే నడుస్తుంది, మిద్దె మీద ప్యానెళ్లున్నా సరే. కాబట్టి నీళ్ల మోటారు, వాషింగ్ మెషీన్, ఇస్త్రీ పది నుంచి మూడు మధ్యకు మార్చుకోండి. మోటారుకు చవకగా దొరికే టైమర్ కాకుండా, దాని హెచ్‌పీకి తగిన మంచి టైమర్ ఎలక్ట్రీషియన్‌తోనే పెట్టించండి.