దంపతులు కలిసి రాసిన కుటుంబ ట్రస్టును ఒకరు పోయాక రెండోవారు మార్చవచ్చా?

హనుమకొండ సుబేదారిలో భర్త పేరున ఇల్లు, నర్సంపేట రోడ్డులో భార్య పేరున ప్లాటు ఉన్న దంపతులు ఆ రెండింటినీ కలిపి పిల్లల కోసం ట్రస్టు రాశారనుకుందాం. భర్త కాలం చేశాక, తనను దగ్గరుండి చూసుకుంటున్న చిన్న కూతురికి కొంత ఎక్కువ ఇవ్వాలని ఆ తల్లికి అనిపించడం సహజం. ఆ కోరిక నెరవేరుతుందా లేదా అన్నది దస్తావేజులోని ఒకటి రెండు వాక్యాల మీద ఆధారపడి ఉంటుంది.

అందువల్ల ముందుగా దస్తావేజు తీసి, అది ఇంట్లో దొరకకపోతే రిజిస్టరు చేసిన సబ్ రిజిస్ట్రార్ కార్యాలయంలో సర్టిఫైడ్ కాపీ తీసుకుని, రద్దు, సవరణ అనే మాటలు ఎక్కడున్నాయో వెతకాలి. ‘మా ఉభయులకు గాని, మాలో జీవించియున్న వారికి గాని ఈ ట్రస్టును రద్దుపరచుటకు, సవరించుటకు హక్కు కలదు’ అని ఉంటే దారి ఉన్నట్టే. ‘మేమిరువురము కలిసి’ అని మాత్రమే ఉంటే, ఆ అధికారం ఒక్కరికి మిగిలిందని వాదించి నెగ్గడం కష్టం. ఆ ప్రస్తావనే లేకపోతే 1882 నాటి భారత ట్రస్టుల చట్టం సెక్షన్ 78 వర్తిస్తుంది: అప్పులు తీర్చడానికి పెట్టిన ట్రస్టుల సంగతి వేరు గాని, కుటుంబ ట్రస్టును రద్దు చేయాలంటే లబ్ధిదారులందరూ, అంటే ట్రస్టు వల్ల మేలు పొందేవారందరూ, ఒప్పందం చేసుకునే అర్హత గలవారై ఉండి, అందరూ సమ్మతించాలి. లబ్ధిదారుల్లో పదేళ్ల మనవడు ఒక్కడున్నా ఈ మార్గం మూసుకుపోతుంది. రద్దు కాకుండా షరతుల్లో మార్పు మాత్రమే కావాలనుకుంటే, సెక్షన్ 11 కింద మైనరు తరఫున సమ్మతిని ప్రధాన సివిల్ కోర్టు, అంటే సాధారణంగా జిల్లా కోర్టు, ఇవ్వవచ్చు.

ఎక్కువ మంది పొరబడేది ఇక్కడే. దంపతులిద్దరూ ట్రస్టీలుగా, అంటే ట్రస్టు ఆస్తిని నిర్వహించేవారుగా, ఉండి ఒకరు చనిపోతే, దస్తావేజులో వేరే విధంగా రాయకపోతే, సెక్షన్ 76 ప్రకారం ఆస్తి మిగిలిన ట్రస్టీ చేతికి వస్తుంది. దాన్ని చూసి ‘ఇప్పుడంతా అమ్మదే’ అని బంధువులు అంటారు, ఆమె కూడా నమ్ముతుంది. నిజానికి ఆమెకు దక్కింది నిర్వహణ బాధ్యత. ఆ ఆస్తిని తన వీలునామాలో ఒక బిడ్డకు రాసినా అది చెల్లదు. తాను ట్రస్టులో పెట్టిన ప్లాటుకైనా ఇదే నియమం. ఈ మాట ఆ తల్లికి ముందే, నెమ్మదిగా, అర్థమయ్యేలా చెప్పాల్సిన బాధ్యత పిల్లలది.

అమెరికాలో ఉన్న పిల్లలు అక్కడి లివింగ్ ట్రస్టును (బతికుండగానే రాసుకునే ట్రస్టును) చూసి ఇచ్చే సలహాను ఇక్కడ పాటించరాదు. అక్కడ చాలా రాష్ట్రాల్లో, రద్దు కాదని రాయనంతవరకు ట్రస్టును రాసినవారు దాన్ని రద్దు చేసుకోవచ్చు. మన చట్టంలో ఆ అధికారాన్ని స్పష్టంగా రాసి ఉంచుకోవాలి.

మార్చే అధికారం ఉందని న్యాయవాది తేల్చిన తరువాత, స్థిరాస్తికి సంబంధించిన మార్పును నోటరీ చేసిన స్టాంపు కాగితంతో సరిపెట్టకుండా, పాత దస్తావేజు నంబరు, సంవత్సరం ఉదహరిస్తూ సవరణ దస్తావేజు రాయించి రిజిస్టరు చేయించాలి. ట్రస్టును రద్దు చేసినా, అంతకుముందు ట్రస్టీలు సక్రమంగా చేసిన పనులు సెక్షన్ 79 ప్రకారం చెల్లుతాయి కాబట్టి, అప్పటివరకు వచ్చిన అద్దెల లెక్కలు, రసీదులు భద్రపరచాలి.