మాటల్లేని జపాన్ సినిమాని ఇంటిల్లిపాదికీ చూపించడం ఎలా

విజయవాడ ఎండకి ఆదివారం మధ్యాహ్నం ఎలాగూ గడప దాటలేం కదా, ఆ పూట ఇంట్లోవాళ్ళకి ఒక మూకీ చూపిద్దాం అనుకునేవాళ్ళ కోసం ఇది. సినిమా 'తాకి నో షిరైతో', 1933, దర్శకుడు కెంజి మిజోగుచి. ఎవరికివాళ్ళు సబ్‌టైటిల్స్ చదువుకోండని వదిలేస్తే పది నిమిషాల్లో ఫోన్లు బయటికొస్తాయి. ఒకళ్ళు కథ పైకి చెప్పాల్సిందే. జపాన్ హాళ్ళలోనూ అంతే, తెర పక్కన బెన్షి ఉండేవాడు, మన హరిదాసులాగా ఆడ గొంతూ మగ గొంతూ తనే పలుకుతూ కథ నడిపించేవాడు. టాకీలు వచ్చేశాక కూడా అక్కడ మూకీలు కొన్నేళ్ళు ఆడాయంటే ఈ బెన్షిల పలుకుబడి కూడా ఒక కారణం.

కాబట్టి ఆ రోజుకి బెన్షి మీరే. ముందే ఒంటరిగా ఒకసారి చూసి, తెరమీద వచ్చే రాతలన్నీ నోట్‌బుక్‌లో తెలుగులో రాసుకోండి, కానీ డబ్బింగ్ సినిమా తెలుగు మాత్రం వద్దు, మీ ఇంట్లో ఎలా మాట్లాడుకుంటారో అలాగే.

మొదట్లో చెప్పాల్సింది కొంచెమే. షిరైతో నీళ్ళతో గారడీ చేసే ఆటగత్తె, కిన్యా గుర్రబ్బండి తోలే కుర్రాడు. ఆమెని బండి దింపి గుర్రం మీద ఎక్కించుకుని పోయినందుకు అతని పని ఊడుతుంది. తర్వాత ఒక రాత్రి వంతెన మీద పడుకుని కనిపిస్తాడు, లా చదువుకో, ఖర్చు నాది అంటుందామె. అంతే, అక్కడ ఆపండి. వడ్డీవ్యాపారి సంగతీ, కత్తి సంగతీ, చివరికి ఆమె కేసులో ప్రాసిక్యూటర్‌గా నిలబడేది ఎవరన్నదీ ముందే చెప్పేశారో, ఇక సినిమా ఎందుకు?

వంతెన సీన్‌లో మాటలు తగ్గించండి. కోర్టు సీన్‌లో రాతలు మాత్రం చదివి ఊరుకోండి, మిగతాది షిరైతోగా వేసిన ఇరియె తకాకో మొహమే చూసుకుంటుంది (ఈ సినిమా తీసింది ఆవిడ సొంత కంపెనీయే, 1933లో!). మీకు దొరికిన కాపీలో జపనీస్ వ్యాఖ్యానం ఉంటే సౌండ్ తగ్గించండి, రెండు గొంతులు కొట్టుకుంటాయి. సంగీతం లేకపోతే మన పాటలు మాత్రం తగిలించకండి, ఫ్యాన్ చప్పుడే నయం.

"చదివించిన మనిషి మీదే కేసు వాదిస్తాడా, సిగ్గుండద్దూ?" అని ఎవరో ఒకరు మధ్యలో అంటారు. అననివ్వండి, పాజ్ మాత్రం నొక్కకండి. చిన్నపిల్లలకి ఇది వద్దు, ఆత్మహత్యలున్నాయి. వాళ్ళకి ఇంకో జపాన్ దర్శకుడు ఓజు 1932లో తీసిన 'ఐ వజ్ బార్న్, బట్...' పెట్టండి.