మంత్రలిపి అక్షరాలు గుర్తుండాలంటే

నా ఫాంటసీ కథలో మాంత్రికులకు ఒక లిపి తయారు చేస్తున్నాను, కానీ నిన్న గీసిన అక్షరం ఇవాళ గుర్తుండదు, ప్రతి మాటకీ నోట్‌బుక్ వెనక్కి తిప్పాల్సిందే. చివరికి మన వర్గాక్షరాల పద్ధతే పట్టుకున్నాను. క చ ట త ప, ఈ ఐదింటికీ నిప్పు, నీరు, గాలి, మన్ను, ఆకు అని ఐదు బొమ్మలు. ఒత్తక్షరమైతే కింద చిన్న గీత (ప, ఫ చూడండి, మనకూ అంతేగా), గ జ డ ద బ లకు పైన చుక్క, ఘ ఝ లాంటివాటికి రెండూ, అనునాసికానికి (ముక్కుతో పలికే ఙ ఞ ణ న మ) పక్కన సున్నా. అంతే, 25 అక్షరాలూ వచ్చేస్తాయి.

య ర ల వ, శ ష స హ మాత్రం ఇందులో ఇమడవు, విడిగా గీసుకోవాలి. బొమ్మలోనే చుక్క ఉంటే క, గ కలిసిపోతాయి, జాగ్రత్త.