ముచ్చట బాగా సాగాలంటే ముందు వినడం సంగతి చూసుకోవాలి

నలుగురిలో కూర్చుంటే ఏం మాట్లాడాలో తెలీట్లేదు అని బాధపడేవాళ్ళు మనలో చాలామందే ఉంటారు. అమీర్‌పేట్‌లో ఏ గల్లీలోకి పోయినా స్పోకెన్ ఇంగ్లీష్ బోర్డు పక్కన కమ్యూనికేషన్ స్కిల్స్ బోర్డు కనపడేది అందుకే. అక్కడ ఎక్కువగా నేర్పేది నోటి పని. నేను చెప్పేది చెవి పని. మామూలు రోజువారీ ముచ్చట మీద అరవై ఏళ్ళుగా సీరియస్‌గా రీసెర్చ్ జరుగుతోంది, దాన్ని చదివినకొద్దీ నాకు గట్టిగా అనిపించింది ఏంటంటే ముచ్చట ఎటు పోతదనేది సగం పైన వినేవాళ్ళ చేతిలోనే ఉంటది. ఇంట్లో కూర్చుని మీరే చేసి చూసుకోవచ్చు.

ముందు ఒక పావుగంట ముచ్చట ఫోన్‌లో రికార్డ్ చేయండి. అందరినీ అడిగే చేయాలి, "అమ్మా, మనం మాట్లాడుకునేది జర రికార్డ్ చేస్తున్న, పర్లేదా" అంటే చాలు, దొంగతనంగా చేయడం తప్పు. మొదటి అయిదు నిమిషాలు అందరూ కొంచెం బిగుసుకుపోయి మాట్లాడతారు, తర్వాత ఫోన్ సంగతే మర్చిపోతారు, కాబట్టి మధ్యలోంచి ఒక్క నిమిషం తీసుకోండి. దాన్ని విన్నది విన్నట్టు రాయండి. వాక్యాలు సరిచేయొద్దు. ఊఁ, ఆఁ, నవ్వు, మింగేసిన మాట, ఇద్దరూ ఒకేసారి మాట్లాడిన చోటు అన్నీ రావాలి. ఇట్లా రాయడానికి గెయిల్ జెఫర్సన్ అనే ఆమె గుర్తులు తయారుచేసింది, రీసెర్చ్ చేసేవాళ్ళు ఇప్పటికీ అవే వాడతారు. నిశ్శబ్దం ఎంతసేపో సెకన్లలో బ్రాకెట్‌లో వేస్తారు, సాగదీసిన అక్షరం పక్కన కోలన్లు పెడతారు. ఒక్క నిమిషం రాయడానికి గంట పట్టినా విసుక్కోకండి, అసలు చెవి తెరుచుకునేది ఆ గంటలోనే.

రాస్తే ఇట్లా ఉంటది:

అక్క: సండే ఇల్లు షిఫ్ట్ చేస్తున్నం రా, పొద్దున్నే వస్తవా?
(0.8)
తమ్ముడు: సండే::నా... వస్త గానీ అక్కా, అంటే
అక్క: ఏమన్న పనుందా?
తమ్ముడు: ఆఁ, అదే, ఆఫీస్‌ల రిలీజ్ ఉంది

ఇందులో తమ్ముడు ఎక్కడా రాను అనలేదు చూడండి, పైగా వస్త అనే అన్నాడు. అయినా అక్కకి అర్థమైపోయింది. ఆ 0.8 సెకన్ల గ్యాప్, సాగదీసిన సండే, ఆ గానీ, ఈ మూడూ కలిపితే రాను అనే. 2009లో పది భాషల్లో అవును-కాదు ప్రశ్నలకి జవాబులు ఎంత తొందరగా వస్తాయో కొలిచారు, సగటున సెకనులో అయిదో వంతు. జపనీస్ వాళ్ళు అందరికంటే ఫాస్ట్, డేనిష్ వాళ్ళు అందరికంటే స్లో, అయినా ఆ ఇద్దరి మధ్య తేడా అర సెకను కూడా లేదు. ఒప్పుకునే జవాబు టక్కున వస్తది, కాదనే జవాబు ఆగి ఆగి వస్తది. ఆ లిస్ట్‌లో తెలుగు లేదు గానీ మనలాగే క్రియని చివర్లో పెట్టే జపనీస్, కొరియన్ ఉన్నాయి, అంటే వాక్యం పూర్తయ్యేదాకా ఆగకుండా వినేవాళ్ళు ముందే అంచనా వేసుకుంటారన్నమాట.

మీరు చేయాల్సింది ఆ అక్క చేసిన పని. అడిగాక గ్యాప్ వచ్చిందంటే మళ్ళీ మళ్ళీ వస్తవా వస్తవా అని ఒత్తిడి పెట్టకుండా బయటపడే దారి మీరే చూపించండి. అవతలి మనిషి అబద్ధం వెతుక్కునే పని తప్పుతుంది, మీకు అసలు కారణం తెలుస్తుంది. ఒక్క జాగ్రత్త, అమెరికాలో ఉన్న పిల్లలతో వీడియో కాల్ మాట్లాడేటప్పుడు వచ్చే గ్యాప్ నెట్‌వర్క్ది, మనసుది కాదు. అది గుర్తులేక "వాడికి మాతో మాట్లాడే ఇంట్రెస్టే లేదు" అని బాధపడే తల్లిదండ్రులు ఎంతమందో.

ఇంకో సంగతి. ఒక్క మాట నోటిదాకా తెచ్చుకోవడానికే మెదడుకి దాదాపు 0.6 సెకన్లు పడుతుంది, మరి జవాబు 0.2లో ఎట్లా వస్తుందంటే అవతలివాళ్ళు మాట్లాడుతుండగానే మనం జవాబు తయారుచేసుకుంటున్నాం. మామూలు ముచ్చట్లకి అది బాగానే ఉంటది. ఇరానీ హోటల్లో ఒక టేబుల్ చుట్టూ నలుగురు కూర్చుని ఒకరి మాట మీద ఒకరు పడి మాట్లాడుతుంటే దాన్ని తప్పు పట్టొద్దు, అది హుషారు, అక్కడ ఆగి ఆగి మాట్లాడితేనే ముచ్చట చచ్చిపోతది. కానీ ఎదుటి మనిషి ఉద్యోగం పోయిందనో ఇంట్లో ఎవరికో బాలేదనో చెప్తున్నప్పుడు మాత్రం వాళ్ళు ఆపాక మీరు ఒక్క క్షణం ఆగండి. చాలాసార్లు వాళ్ళే ఇంకో ముక్క చెప్తారు, ఆ ముక్కే ముఖ్యమైంది.

ఊఁ కొట్టడం గురించి మన నానమ్మలకి ఎప్పుడో తెలుసు, ఊఁ కొట్టకపోతే కథ ఆపేసేవాళ్ళు. దీన్ని 2000లో జానెట్ బావెలాస్ అనే సైకాలజిస్ట్, ఆమె తోటివాళ్ళు ల్యాబ్‌లో చూశారు. ఒకళ్ళు ప్రాణం మీదకొచ్చి తప్పించుకున్న సంగతి చెప్తుంటే, వింటున్న కొంతమందికి మాత్రం ఇంగ్లీష్ టీ (t) అక్షరంతో మొదలయ్యే మాటలు లెక్కపెట్టమని పని ఇచ్చారు. వాళ్ళ ధ్యాస లెక్క మీద ఉండేసరికి చెప్పేవాళ్ళు తడబడ్డారు, అసలు రసపట్టు దగ్గరకొచ్చేసరికి కథ పాడైపోయింది. కథ మంచిదే, చెప్పే మనిషీ మంచిగా చెప్పేవాళ్ళే, చెడగొట్టింది వినేవాళ్ళు! రీల్స్ చూసుకుంటూ "ఊఁ చెప్పు చెప్పు" అనేవాళ్ళు ఇది తప్పక ఆలోచించాలి. ఫోన్ బోర్లా పెట్టండి, "అమ్మో", "మరి వాడేమన్నాడు" లాంటివి సరైన చోట పడనివ్వండి, అదే ఎదుటి మనిషి బాగా మాట్లాడేలా చేస్తది.

కొత్తవాళ్ళతో మొదలుపెట్టడానికి ముచ్చట మీద ఈ రీసెర్చ్‌కి ఆద్యుడైన హార్వే శాక్స్ దగ్గర మంచి కిటుకు ఉంది. ఆయన 1960ల మొదట్లో లాస్ ఏంజెలెస్‌లో, చనిపోవాలన్న ఆలోచనతో ఉన్నవాళ్ళు ఫోన్ చేసే సెంటర్‌లో కాల్స్ వినేవాడు. పేరు అడిగితే చాలామంది చెప్పరు. అదే ఫోన్ ఎత్తిన మనిషి ముందు తన పేరు చెప్తే మామూలుగా అవతలివాళ్ళూ చెప్పేస్తారు. ఒక కాల్‌లో మాత్రం అవతలి మనిషి "వినపడట్లేదు" అన్నాడు, ఫోన్ ఎత్తిన మనిషి తన పేరు మళ్ళీ చెప్పేలోపు అవతలి మనిషి పేరు చెప్పాల్సిన చోటు దాటిపోయింది. ఏ మాట ఏ చోట పడుతుందో అంత ముఖ్యం. అపార్ట్‌మెంట్ లిఫ్ట్‌లో కొత్త మనిషి కనపడితే పోలీసులా "మీరు ఏ ఫ్లాట్" అనకుండా "మేము నాలుగో ఫ్లోర్‌లో ఉంటామండీ" అనండి, వాళ్ళది వాళ్ళే చెప్తారు. ఇంటిపేరేంటి, మీదే ఊరు, మీరేమిట్లు అనే వరస మాత్రం మానేయండి, కులం కూపీ లాగడం తప్ప దాని వల్ల ముచ్చట పెరగదు.

ఇక ఫోన్ పెట్టేయడం. శాక్స్, ఆయన తోటి పరిశోధకుడు ఎమాన్యుయెల్ షెగ్లాఫ్ కలిసి 1973లో దీని గురించే రాశారు, టక్కున బై చెప్పి ఎవరూ పెట్టేయరు, ముందు సరే అని ఒకటి వదిలి, మిగిలినది ఏమన్నా ఉంటే చెప్పడానికి చోటు ఇస్తారు అని. మన దగ్గర "ఇంకేం సంగతులు", "సరే మరి, ఉంట" అదే పని చేస్తాయి. ఊరి నుంచి అమ్మ ఫోన్ చేసి పది నిమిషాలు కూరల సంగతి, పక్కింటోళ్ళ పెళ్ళి సంగతి చెప్పి, "ఇంకేం లేదు బిడ్డా, సరే మరి... మొన్న డాక్టర్ దగ్గరికి పోయినం" అంటది. అసలు ఫోన్ చేసింది దానికోసమే. కాబట్టి సరే మరి వినపడగానే వేలు ఎర్ర బటన్ మీదకి పోనివ్వకండి, "ఇంకా చెప్పమ్మా" అని ఒక మాట వేసి ఆగండి. ఆఫీస్ పనిలో ఉంటే పనిలో ఉన్నానని చెప్పి రాత్రికి మీరే చేయండి.

రాయడం అయిపోయాక ఆ రికార్డింగ్ డిలీట్ చేసేయండి, అందులో ఉన్నవాళ్ళు ఎవరైనా ఫలానా ముక్క వద్దు అంటే అది కాగితం మీద నుంచి కూడా తీసేయండి. నెలకోసారి వేరే వేరే మనుషులతో చేస్తే చాలు.